కల్నల్ దొరకు దిష్టి

ఎనభైల మొదట్లో నేను అబుదాబీలో ఒక కల్నల్ దొర ఇంట్లో వంట చేసేదాన్ని. ఆయన ఇంగ్లండు సైన్యంలో రిటైరై, అక్కడి కుర్రాళ్ళకు కవాతు నేర్పడానికి వచ్చాడు. నాతో మాట్లాడేది రెండే ముక్కలు. తినేముందు ‘ఖానా లావ్’, తిన్నాక ‘ఖలాస్’. గంటసేపు వండిన కూర సగం వదిలేసి ఖలాస్ అంటే నాకు ఒళ్ళు మండేది. గిన్నెలు తోముకుంటూ, “ముసలి ఎండుచేప, నోటికి రుచి తెలిసి ఏడిస్తే కదా” అని తనివితీరా తిట్టేదాన్ని. మా విజయనగరం తెలుగు ఆ ఇంట్లో ఎవరికి తెలుస్తుందని నా ధీమా.

ఆ చలికాలం వాళ్ళమ్మాయి పసిపిల్లతో లండన్ నుంచి వచ్చింది. ఇంట్లో ఇచ్చిన విందుకు వచ్చినవాళ్ళందరూ పిల్లను చేతులు మార్చి ముద్దు చేశారు. మర్నాటి నుంచి సాయంత్రమైతే చాలు, ఒకటే ఏడుపు. డాక్టరు కడుపులో గ్యాస్ అని మందిచ్చాడు. దొరసాని, కూతురు పిల్లను భుజాన వేసుకుని హాల్లో అటూ ఇటూ తిరిగేవాళ్ళు. ఏం చేయాలో నాకు తెలుసు గానీ, నన్నెవరు అడిగారు?

ఓ సాయంత్రం దొర వంటింటి గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు. ఈసారి ఏ కూరకు వంక పెడతాడో అనుకున్నాను.

“ఏటలా సూత్తన్నావు? పసిగుంటకి దిష్టి తగిలింది. తియ్యవేటి?” అన్నాడు.

దిష్టి సంగతి తర్వాత, నేను తిట్టిన తిట్లన్నీ నాకు వరసగా గుర్తొచ్చాయి. ఆయన స్టూలు లాక్కుని కూర్చుని, మాటలు వెతుక్కుంటూ చెప్పుకొచ్చాడు. తను పుట్టింది వాల్తేరులోనట. తండ్రిదీ సైన్యమే. పెంచింది మాత్రం ఆయా. ఏడేళ్ళకే చదువుకని ఇంగ్లండు పంపేశారు. రైలెక్కే రోజున ఆ ఆయా కొంగున ఉప్పు, మిరపకాయలు ముడేసుకుని స్టేషనుకు వచ్చింది. నలుగురూ చూస్తున్నారని తల్లి దిష్టి తీయనివ్వలేదు. రైలు కదిలిపోయింది. ఆయాను ఆయన మళ్ళీ చూడలేదు.

“మరి తెలుగొచ్చని ఇన్నాళ్ళూ సెప్పనేదేటి సార్?” అన్నాను.

“సెప్తే నువ్వు తిట్టడం మానెత్తావు. మా ఆయా ఇలాగే తిట్టీది.”

నేను తల తిప్పుకుని, తుడిచిన పొయ్యినే మళ్ళీ తుడిచాను.

దొరసానికి ఇలాంటివి గిట్టవు. ఆమెకు ఏం చెప్పి ఒప్పించాడో గానీ, కాసేపటికి కూతురు పిల్లనెత్తుకుని పెరట్లోకి వచ్చింది. దొరసాని చేతులు కట్టుకుని ఎడంగా నిలబడింది. ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి అంటూ ముమ్మారు తిప్పి, గుప్పిట్లోని ఉప్పూ మిరపకాయలూ మాంసం కాల్చే పొయ్యిలో రాజుకున్న బొగ్గుల్లో వేశాను. గుప్పున ఘాటు లేచింది. ఘాటొచ్చిందంటే పెద్ద దిష్టేం కాదన్నమాట. వాళ్ళు పిల్లను తీసుకుని గబగబా లోపలికి పోయారు. ఆ రోజు పిల్ల హాయిగా నిద్రపోయింది. నా చేతి మహిమో డాక్టరు మందో నేను చెప్పలేను.

దొర మాత్రం లోపలికి వెళ్ళలేదు. టోపీ తీసి ఒళ్ళో పెట్టుకుని, పెరటి మెట్టు మీద తూర్పుకు తిరిగి కూర్చున్నాడు.

“నాక్కూడా తియ్యి,” అన్నాడు.

నాకు నవ్వు రాలేదు. మళ్ళీ ఉప్పూ మిరపకాయలూ తెచ్చి ఆ బట్టతల చుట్టూ తిప్పాను. “తూ అనండి బాబూ,” అన్నాను. సార్ అనాలని అప్పుడు తోచలేదు. ఆయన బుద్ధిగా మూడుసార్లు తూ అన్నాడు.

బొగ్గుల్లో మిరపకాయలు మాడి నల్లబడ్డాయి గానీ, ఘాటు ఇసుమంతైనా రాలేదు.

“గాటు రానేదు,” అన్నాడు దొర.

“ఏడేళ్ళప్పటి నుంచీ ఉన్నది కదా బాబూ. సాలా ఉంది.”

ఆయన టోపీ పెట్టుకుని లేచాడు.

“అయితే రేపు కూడా తియ్యి,” అన్నాడు.