నోళ్ళు లెక్కపెట్టిన ఆదివారం

నా చిన్నప్పుడు మా గుళ్ళో ఏ పాట పాడాలన్నా ముందు దాన్ని ఎవరో ఒకరు అందించాలి. ఇప్పటివాళ్ళకి ఈ మాట కొత్తగా ఉంటుంది. మాది కైకలూరు దాటాక కొల్లేటి ఒడ్డున ఉన్న చిన్న పల్లె. మా చర్చిని మేం గుడి అనే పిలిచేవాళ్ళం. గుళ్ళో చాపల మీద కూర్చునే వాళ్ళలో చదువు వచ్చినవాళ్ళని వేళ్ళ మీద చెప్పొచ్చు. పాటల పుస్తకాలు మూడే ఉండేవి, వాటిలో ఒకదానికి అట్ట కూడా లేదు. అందుకని ఒకరు ముందు నిలబడి పాటలో ఒక్కో పాదమూ చెప్పేవారు, గుడంతా దాన్ని అందుకుని పాడేది. హార్మోనియం లేదు, తాళాలూ ఒక డోలకూ మాత్రమే. ముందు నిలబడ్డ మనిషి ఏ స్థాయిలో ఎత్తుకుంటే అందరూ అదే స్థాయిలో పాడాలి.

ఆ పని మా మేనత్తది. ఆవిడ మా ఊరి బడిలో టీచరు. పెళ్ళయిన రెండేళ్ళకే మావయ్య పోతే పుట్టింటికి వచ్చి, బడినీ గుడినీ తన సంసారం చేసుకుంది. ఆవిడ పాట అందిస్తుంటే పాటని గిన్నెలో పెట్టి చేతికిచ్చినట్టు ఉండేదని మా నాన్న అనేవాడు. ఆవిడ గొంతు ఎలా ఉండేదని అడిగితే మాత్రం నాకు సరిగ్గా గుర్తు రాదు. అందరి గొంతులూ కలిసి వినబడటమే గుర్తుంది. అదెందుకో చాలా ఏళ్ళ తర్వాత గాని నాకు తెలియలేదు.

నాకు పదకొండేళ్ళప్పుడు, వానాకాలంలో, అత్తకి గొంతు పోయింది. జలుబనుకున్నారు. నెల దాటినా తగ్గలేదు. ఏలూరు తీసుకెళ్ళి పెద్ద డాక్టరుగారికి చూపిస్తే, గొంతులో చిన్న చిన్న కాయలు లేచాయనీ, గట్టిగా మాట్లాడకూడదనీ, పై స్థాయిలో పాడే మాట ఇక మరచిపొమ్మనీ చెప్పారట. బడిలో పిల్లల్ని పిలవడానికి అత్త చేతిలోకి చిన్న ఇత్తడి గంట వచ్చింది. మాతో గుసగుసగా మాట్లాడేది. ఇంట్లో అందరం ఎందుకో మేం కూడా గుసగుసలే ఆడేవాళ్ళం, ఆవిడ నవ్వి, “మీకేమైందర్రా?” అని అడిగేదాకా.

గుళ్ళో పాట అందించే పని నాకు వచ్చింది. చదవడం వచ్చు, గొంతు బాగుంటుందని పేరూ ఉంది. మొదటి ఆదివారం భయపడ్డాను. రెండో ఆదివారానికి భయం పోయింది. మూడో ఆదివారానికి నాకు నా గొంతంటే ప్రేమ పుట్టింది. ఒక్కో వారం పాటని ఒక్కో మెట్టు పైకి ఎత్తుకునేదాన్ని. పాదం చివర లేని సంగతులు నాలుగు వేసి, కళ్ళు మూసుకుని, అందరూ నన్నే చూస్తున్నారని తెలిసి పాడేదాన్ని. గుడి బయట ఆడవాళ్ళు నా బుగ్గలు పట్టుకుని, “ఎంత బాగా పాడావమ్మా!” అనేవారు. ఇంటికి వచ్చి ఆ మాట ఎవరెవరు అన్నారో అమ్మకి వరసగా చెప్పేదాన్ని.

 ఒక శనివారం అత్త నా జడ అల్లుతూ నాకొక పని చెప్పింది.

“రేపు పాడేటప్పుడు కళ్ళు మూసుకోకు. మొదటి చరణంలో ఎన్ని నోళ్ళు కదుల్తున్నాయో లెక్కపెట్టు. ఆఖరి చరణంలో మళ్ళీ లెక్కపెట్టు. నాకొచ్చి చెప్పాలి.”

ఇదేదో సరదా ఆట అనుకున్నాను. మర్నాడు శ్రద్ధగా లెక్కపెట్టాను. మొదటి చరణంలో లెక్క తప్పిపోయేన్ని నోళ్ళు ఉన్నాయి. రెండో చరణానికి నేను కొంచెం పైకి వెళ్ళాను, నోళ్ళు సగమయ్యాయి. ఆఖరి చరణంలో నా గొంతు గుడి కప్పు తాకుతున్న సమయానికి మూడే మిగిలాయి.

ఒకటి పాస్టరుగారిది. పాపం ఆయన మెడ నరాలు లేచి ముఖం ఎర్రబడిపోయింది. రెండోది పడవ నడిపే తాతది. ఆయనకి చెవులు బొత్తిగా వినబడవు కాబట్టి నా స్థాయితో ఆయనకి నిమిత్తం లేదు. తన పాట తను హాయిగా పాడుకుంటున్నాడు, అదీ మేం పాడుతున్న పాట కాదు. మూడోది తల్లి ఒళ్ళో ఉన్న ఒక చంటిపిల్లది.

“ఆ పిల్ల కూడా పాడిందా?” అని అడిగింది అత్త.

“ఆవులించింది,” అన్నాను.

అత్త భుజాలు అదిరేటట్టు చప్పుడు లేకుండా నవ్వింది. నాకూ నవ్వొచ్చింది. నవ్వు ఆగాక, “మరి మిగతావాళ్ళంతా ఏం చేస్తున్నారు?” అంది.

“నా పాట వింటున్నారు,” అన్నాను గొప్పగా.

ఆవిడ వాదించలేదు. “కుడివైపు మొదటి చాప మీద లంక మామ్మగారు ఉన్నారా?” అని మాత్రం అడిగింది. నాకు గుర్తు లేదు. గుర్తుండటానికి నేను ఎవర్నీ చూడలేదు కదా, నోళ్ళు తప్ప. “మూడు వారాలుగా ఆవిడ రావట్లేదు. వచ్చే శనివారం ఇద్దరం వెళ్ళి చూసొద్దాం,” అంది అత్త.

లంక మామ్మంటే సరస్సు మధ్య మెరక మీది పల్లెలో ఒంటరిగా ఉండే ముసలావిడ. చేపలు పట్టేవాళ్ళకి చిరిగిన వలలు కుట్టిపెడుతుంది. ఎండైనా వానైనా ఆదివారం తాటి దోనె ఎక్కి గుడికి వచ్చేది. శనివారం పొద్దున్నే మమ్మల్ని పడవ తాత తన దోనెలో తీసుకెళ్ళాడు. తుంగ దుబ్బుల మధ్య నుంచి వెళుతుంటే నీటికోళ్ళు చిందులేస్తూ తప్పుకునేవి. నేను ప్రయాణం బాగుందని మురిసిపోతున్నాను.

మామ్మ గుమ్మంలో కూర్చుని వల కుడుతోంది. మమ్మల్ని చూసి కంగారుగా లేచి చాప పరిచింది.

“ఒంట్లో బాగోలేదా మామ్మగారూ?” అంది అత్త.

“ఒంటికేవండి టీచరమ్మగారూ, రాయిలాగున్నాను, ఆయ్!”

“మరి గుడికి రావట్లేదేవండీ?”

మామ్మ నా వైపు చూసి తటపటాయించింది. “పిల్ల ముందు అనకూడదేవోనండి” అంది. అత్త చాప మీద సర్దుకుని కూర్చుంది. చివరికి మామ్మే చెప్పింది. “ఈ పిల్ల బంగారంలాగ పాడుద్దండి. నాకే అందట్లేదు. రెండు వారాలు నోరు మూసుకుని కూకున్నాను. వినటానికైతే పక్కింట్లో రేడియో ఉందండి, దోనెక్కి అంత దూరం ఎందుకు? నాకు ప్రార్థన చెయ్యటం రాదండి. మాటలు పేర్చుకోవటం తెలీదు. పాటలో ఎవరో రాసిపెట్టిన మాటలే నేను దేవుడికి చెప్పుకునేది. అయ్యీ లేకపోతే వచ్చి ఏం చెప్పమంటారు?”

ఆవిడ గొంతులో కోపం లేదు. కోపం ఉంటే నేను ఏడ్చి తప్పించుకునేదాన్ని. నేను ఆవిడ దగ్గర నుంచి ఏదో లాక్కున్నానని, ఆవిడ దాన్ని అడగడానికి కూడా మొహమాటపడుతోందని నాకు అర్థమైంది. 

అత్త వల అంచు ఒళ్ళోకి తీసుకుని తనూ కుట్టడం మొదలుపెట్టి, “ఇప్పుడు పాడదాం. మామ్మగారు ఎత్తుకుంటారు. నువ్వు అందించు,” అంది.

మామ్మ ఎత్తుకుంది. అమ్మో, అదెంత కింద స్థాయో! నూతి అడుగు నుంచి వస్తున్నట్టుంది. ఆ స్థాయి పట్టుకోబోతే నా గొంతులోంచి కప్ప బెకబెకలాడినట్టు ఏదో శబ్దం వచ్చింది. మామ్మ ముందు నవ్వింది, తర్వాత అత్త, ఆ తర్వాత నేను. మళ్ళీ మొదలుపెట్టాం. ఆవిడ ఒక పాదం పాడి, వలకి ముడి వేసి, దారం పళ్ళతో తెంపి, అప్పుడు రెండో పాదం కోసం నా వైపు చూసేది. నేను ముందే చెప్పేస్తే మరచిపోయేది. ఆలస్యంగా చెబితే పాట తెగిపోయేది. ఆవిడ ఊపిరి తీసుకునే సమయానికి సరిగ్గా ఆ మాట ఆవిడ చేతికి అందాలి. నాకు అన్నేళ్ళలో అంత కష్టమైన పాట తగల్లేదు. మూడో చరణానికి కుదిరింది. మామ్మ కళ్ళు మూసుకుంది. అప్పుడు నేను ఉన్నానన్న సంగతి కూడా ఆవిడకి గుర్తు లేదు. విచిత్రంగా, అది నాకు బాగుంది.

తిరుగు ప్రయాణంలో అత్త నా చెవి దగ్గరకి వంగి ఒక సంగతి చెప్పింది. ప్రభువు శిష్యుల కాళ్ళు కడిగిన రాత్రే, భోజనమయ్యాక, కొండకి వెళ్ళేముందు ఒక పాట పాడారట. “అది సువార్తలో ఉంది. ఆయన పాడాడని రాయలేదు, వాళ్ళు పాడారని రాసుంది. ఆ వాళ్ళలో జాలరులు ఉన్నారు. రాత్రిళ్ళు నీళ్ళ మీద అరిచి అరిచి వాళ్ళ గొంతులు ఎలా ఉంటాయో మనకి తెలీదా? ఆయన ఎంత బాగా పాడగలడో ఎవరికి తెలుసు! అయినా వాళ్ళకి అందేటట్టే పాడి ఉంటాడు. కాళ్ళు కడగడానికి వంగినట్టే పాటలోనూ వంగి ఉంటాడని నాకనిపిస్తుంది.” అంతసేపు మాట్లాడినందుకు ఆవిడకి దగ్గు వచ్చింది. పడవ తాత ఏమీ వినబడకపోయినా మా వైపు చూసి పెద్దగా నవ్వాడు.

అక్కడితో నేను మారిపోయానని చెబితే అబద్ధమవుతుంది. ఎందుకంటే ఆ మర్నాటి ఆదివారమే కోతపండుగ, ఎవరి పంటలో మొదటి భాగం వాళ్ళు గుడికి తెచ్చి ఇచ్చే రోజు. ఏలూరులోని ఆడపిల్లల బోర్డింగు స్కూలు హెడ్మిస్ట్రెసుగారు ఆ రోజు మా గుడికి వస్తున్నారు. వాళ్ళ పాటల బృందానికి బాగా పాడే పిల్ల ఒకరు కావాలట. ఎన్నుకుంటే చదువు, భోజనం అన్నీ వాళ్ళే చూసుకుంటారు. పాస్టరుగారు నా పేరు చెప్పారు. ఏలూరులో చదవాలని నాకెంత ఆశో ఇంట్లో అందరికీ తెలుసు. పాట ఎలా పాడమంటావని ఆ ఉదయం అత్తని అడిగాను. “నీ ఇష్టం తల్లీ. ఎలా పాడినా నువ్వు నా మేనకోడలివే,” అంది.

గుడి నిండిపోయింది. వరి కంకుల కట్టలు, గుమ్మడికాయలు, కాళ్ళు కట్టేసిన నాలుగు బాతులు, ఇత్తడి బిందెలో ఎవరో తెచ్చిన కొర్రమీను, అన్నీ ముందు వరసలో ఉన్నాయి. హెడ్మిస్ట్రెసుగారు కళ్ళద్దాలు సర్దుకుంటూ కుర్చీలో కూర్చున్నారు. కుడివైపు మొదటి చాప మీద లంక మామ్మ ఉంది. పై స్థాయి నా గొంతులో సిద్ధంగా ఉంది. నోరు తెరిస్తే చాలు.

కింద స్థాయిలో ఎత్తుకున్నాను.

ఒక్క క్షణం ఎవరూ అందుకోలేదు. నా పాట వినడం అలవాటై, నోళ్ళు మూసుకునే కూర్చున్నారు.  ఆ పాదాన్నే మళ్ళీ చెప్పి ఆగాను. మామ్మ అందుకుంది. ఆవిడ పక్కనున్న ఇద్దరు అందుకున్నారు. తర్వాత మగవాళ్ళ వైపు నుంచి గొంతులు లేచాయి. పాస్టరుగారు ఈసారి సుఖంగా పాడారు. బాతులు కూడా ఊరుకోలేదు. మూడో చరణానికి వచ్చేసరికి నా గొంతు నాకే వినబడటం లేదు. ఈ గోలలో హెడ్మిస్ట్రెసుగారికి మాత్రం ఏం వినబడుతుంది అనుకుంటూ ఆడవాళ్ళ వైపు చూశాను. చివరి వరసలో గోడకి ఆనుకుని అత్త కూర్చుని ఉంది.

అత్త పెదవులు కదులుతున్నాయి. అత్త పాడుతోంది. ఆ కింద స్థాయి ఆవిడ దెబ్బతిన్న గొంతుకి కూడా అందింది. నెలల తరబడి ఒక్క పాదం పలకని మనిషి కళ్ళ నీళ్ళు తుడుచుకోకుండా, నన్ను చూస్తూ, నవ్వుతూ పాడుతోంది. మామ్మ సంగతి తెలుసుకున్నాను గాని, మా ఇంట్లోనే ఉన్న అత్తకి పాట లేకుండా పోయిందన్న ఆలోచనే నాకు రాలేదు. తనకి అందటం లేదని ఆవిడ ఒక్కసారీ నాతో అనలేదు.

ఆరాధన అయ్యాక హెడ్మిస్ట్రెసుగారు పాస్టరుగారితో, “మీ సంఘమంతా ఎంత బాగా పాడారండీ!” అన్నారు. పాట అందించిన పిల్ల గురించి అడగనే లేదు. తర్వాత వేరే ఊరి పిల్లని ఎన్నుకున్నారని తెలిసింది. ఆ వార్త విన్నరోజు పెరట్లో కూర్చుని బాగా ఏడ్చాను, అది దాచను. అత్త వచ్చి పక్కన కూర్చుంది.  ఆవిడ గొంతుకి ఎంత వరకు అందుతుందో అంత కింద నుంచి మెల్లగా ఒక పాట ఎత్తుకుంది. కాసేపటికి ఏడుపు ఆపి నేనూ కలిశాను. ఆ తర్వాత ఏ ఆదివారమూ నేను పై స్థాయికి వెళ్ళలేదు, ఎవరూ నా బుగ్గలు పట్టుకోనూ లేదు.

కైకలూరులోనే చదువుకుని, టీచర్నయ్యాను. తాడేపల్లిగూడెంలో చాలా ఏళ్ళు చిన్న తరగతులకి పాఠాలు చెప్పాను. ఏ పాఠమైనా చురుకైన పిల్లల ముఖాలు చూసి మొదలుపెట్టడం తేలిక. నేను వెనక బెంచీల వైపు చూసి మొదలుపెట్టేదాన్ని. ఇప్పుడు ఏలూరులో మా అమ్మాయి దగ్గర ఉంటున్నాను. ఇక్కడి గుళ్ళో కీబోర్డు, డ్రమ్సు, గోడ మీద తెర, దాని మీద పాట మాటలు, అన్నీ ఉన్నాయి. పిల్లలు చక్కగా పాడతారు, నాకు సంతోషమే. అయితే మా వీధిలో ఇళ్ళ ప్రార్థనలకి వెళ్ళినప్పుడు, పెద్దదాన్నని పాట నన్నే ఎత్తుకోమంటారు. నేను వెంటనే ఎత్తుకోను. ముందు ఆ గది అంతా ఒకసారి చూస్తాను. ఆయాసంతో ఉన్నవాళ్ళు ఎవరు, కొత్తగా వచ్చి సిగ్గుపడుతున్నది ఎవరు, నోరు తెరవడానికి వెనకాడుతున్నది ఎవరు అని వెతుక్కుంటాను. అందరికంటే బలహీనమైన గొంతు ఎవరిదో తెలిశాక, అది ఎక్కడ ఉందో అక్కడ నుంచి పాట మొదలుపెడతాను.