అర్జెంటీనా గిన్నెలు, మా చెరువు

2001 డిసెంబరు ఆఖర్లో మిగతా ప్రపంచం ఏం మాట్లాడుకుందో నాకు తెలీదు కానీ, నేను మాత్రం అర్జెంటీనా గురించే మాట్లాడాను. వినేవాళ్లు దొరికితే చాలు, వదిలేదాన్ని కాదు. రాజమండ్రిలో డిగ్రీ చదివి, కోనసీమలో సముద్రానికి దగ్గరున్న పల్లెటూరికి కోడలిగా వచ్చినదాన్ని. పేపరు మొదటి నుంచి చివరిదాకా చదవకపోతే నాకు అన్నం సయించేది కాదు. ఆ పేపర్లో ఆ దేశం సంగతి రోజుకో రకంగా వచ్చేది. బ్యాంకుల్లో జనం దాచుకున్న డబ్బుని జనాన్నే తీసుకోనివ్వడం లేదట. ఆడా మగా వంటింట్లోంచి గిన్నెలూ గరిటెలూ పట్టుకుని వీధిలోకి వచ్చి మోగించారట. అధ్యక్షుడు దిగిపోయాడు. తర్వాత వచ్చినవాళ్లూ నిలవలేదు. రెండు వారాలు తిరక్కుండా ఐదుగురు మారారు. నాకైతే ఒళ్లు పులకరించిపోయేది. పొద్దున్నే పేపరు రాగానే మా ఆయన కూడా "ఇవాళ ఎవరు?" అని అడగడం మొదలుపెట్టారు.

"నీకెందుకమ్మాయ్ ఆ గోల? వాళ్లేమన్నా మనకి చుట్టాలా?" అనేవారు మా అత్తగారు. అంటూనే చాట పక్కన పెట్టి, "అంతలా కొడితే గిన్నెలు సొట్టలు పోవూ?" అని అడిగేవారు.

కొత్త సంవత్సరం వచ్చిన కొన్నాళ్లకి మా ఊళ్లో పిడుగులాంటి కబురు. మంచినీళ్ల చెరువుని చేపల పెంపకానికి లీజుకి ఇస్తున్నారట. మా ఊళ్లో ఎక్కడ బోరు వేసినా ఉప్పునీళ్లే. ఎండాకాలం కాలవలకి నీళ్లు ఆపేసే ముందు ఆ చెరువు నింపుకుంటేనే మాకు తాగడానికి నీళ్లు. చేపలు వేస్తే వాటి మేతకని అందులో కోళ్ల పెంట పోస్తారు. పక్క ఊళ్లో పోశారు, ఆ వాసన నేను చూశాను. ఇక ఆ నీళ్లు గేదె కూడా ముట్టదు.

ఆ విడత మా ఊరి సర్పంచ్ పదవి ఆడవాళ్లకి వచ్చింది. పేరుకి ఒకావిడ సర్పంచ్, పెత్తనమంతా వాళ్లాయనది. ఊరంతా ప్రెసిడెంటు గారని పిలిచేది ఆయన్నే. ఆవిడ ఆయన చూపించిన చోట సంతకం పెట్టేవారు. మా పొదుపు సంఘం ఆడవాళ్లం వెళ్లి అడిగితే ఆయన కుర్చీలోంచి లేవకుండానే, "చూద్దాం లెండమ్మా, ఊరికి ఆదాయం కదా" అన్నారు. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

మర్నాడు సంఘం మీటింగులో అర్జెంటీనా కథంతా చెప్పేశాను. మనమూ గిన్నెలు పట్టుకుని ఆయన ఇంటి ముందుకెళ్దాం అన్నాను. అందరూ ఎగిరి గంతేస్తారనుకున్నాను. ఒకావిడ చెంపలు వేసుకుంది.

"ఉత్త గిన్నె మోగించడం ఏంటండీ, మీకు తెలీదా? ఆ ఇంట్లో లక్ష్మి నిలవదు" అంది.

నిజమే, చిన్నప్పుడు ఖాళీ కంచం మీద చెంచాతో కొడితే మా అమ్మ చేతి మీద ఒకటి వేసేది. ఆ ఉత్సాహంలో అదంతా మరిచిపోయాను. సిగ్గుతో తల దించుకున్నాను. అప్పుడు మా అత్తగారు నింపాదిగా, "మోగించేది మన గుమ్మంలో కాదు కదర్రా" అన్నారు.

ఇక చూడాలి ఆ మొహాల్లో వెలుగు.

లీజు రాసుకునే రోజు పొద్దున్నే బయల్దేరాం. ఇత్తడి గిన్నెలు, స్టీలు గిన్నెలు, మసి పట్టిన డేగిశాలు. కాలవగట్టు మీద నడుస్తుంటే నాకు నవ్వు ఆగలేదు. ఆయన ఇంటి ముందు నిలబడి మొదలుపెట్టాం. ఆ మోతకి కొబ్బరిచెట్ల మీద కాకులన్నీ లేచిపోయాయి. మా అత్తగారు అట్లకాడతో కొడుతున్నారు, సొట్టల సంగతి ఆవిడకి గుర్తు లేదు.

ఆయన లుంగీ సర్దుకుంటూ బయటికొచ్చారు. "పొద్దున్నే గుమ్మం ముందు ఏంటమ్మా ఈ దరిద్రం? బుద్ధుందా మీకు?" అన్నారు. మొహం మాత్రం పాలిపోయింది. మేం ఇంకా గట్టిగా కొట్టాం.

అప్పుడు ఆయన వెనక గుమ్మంలోకి ఆయన భార్య, మా సర్పంచ్, వచ్చారు. చంటిపిల్లని ఎత్తుకుని ఉన్నారు. ఎవరింట్లో పురుడొచ్చినా ముందు వెళ్లే మనిషి. ఎవరితోనూ గట్టిగా మాట్లాడి ఎరగరు. మా చేతులు ఒక్కొక్కటే ఆగిపోయాయి. మేం శపిస్తున్నది ఆవిడ గుమ్మాన్ని కూడా కదా. నాకు ఏడుపొచ్చినంత పనైంది. ఆవిడ మమ్మల్ని చూసి లోపలికి వెళ్లిపోయారు. ఆయన, "చూశారా, ఆడకూతురి ఉసురు పోసుకుంటున్నారు" అన్నారు.

ఆవిడ మళ్లీ వచ్చారు. చేతిలో పిల్ల లేదు. కడిగి బోర్లించిన అన్నం గిన్నె, గరిటె ఉన్నాయి. వీధిలోకి దిగి మాతో నిలబడతారనుకున్నాను. దిగలేదు. తన గుమ్మంలోనే నిలబడి, తన గిన్నె తనే మోగించారు.

"వద్దమ్మా, నీ ఇంట్లో నువ్వే ఏంటిది" అన్నారు మా అత్తగారు.

"మా పిల్లలూ ఆ నీళ్లే తాగాలి కదండీ" అన్నారు ఆవిడ. తర్వాత మొగుడి వైపు తిరిగి, "సంతకం నేను పెట్టనండి" అన్నారు. చెయ్యి మాత్రం ఆగలేదు.

ఆయన మా అందర్నీ చూసి పక్కకి తప్పుకున్నారు. మా అత్తగారు గిన్నె నా చేతిలో పడేసి పక్కింట్లోకి పరిగెత్తారు. ఆవిడ పరిగెత్తగా నేను చూడటం అదే మొదటిసారి. కొంగు నిండా బియ్యంతో వచ్చి, గుమ్మం ఎక్కి, మోగుతున్న ఆ గిన్నెలో పోసేశారు. చప్పుడు ఆగిపోయింది.

"ఇంక నీ గిన్నె ఉత్తది కాదు, తల్లీ" అన్నారు.