ఆవలింతకి లేచిన చెయ్యి

మా ఆయన ఇరవై ఆరేళ్ళుగా ఒకే టైలరింగ్ షాపులో కటింగ్ మాస్టరు. సుద్దతో నాలుగు గీతలు గీసి కత్తెర పెట్టారంటే మళ్ళీ చూసుకునే పనుండేది కాదు. ఇంట్లో మాత్రం ఉప్పు డబ్బా ఎక్కడుందో ఇప్పటికీ తెలీదు. అది వేరే సంగతి.

పక్షవాతం వచ్చి కుడిచెయ్యి పడిపోయి మూడు నెలలైంది. సోమవారం వచ్చి చూస్తానని షాపు ఓనరు కబురు పెట్టాడు. కత్తెర పట్టగలిగితే సరే, లేకపోతే కటింగ్ బల్ల దగ్గర ఇంకొకర్ని పెట్టుకుంటాడట. ఆ మాట విన్న దగ్గర్నుంచి నాకు అన్నం సహించడం లేదు.

సరిగ్గా ఆ మర్నాడే, మంచం మీద కూర్చుని ఆయన ఆవలించారు. పడున్న చెయ్యి మోచేతి దగ్గర మడుచుకుని దానంతటదే గుండె దాకా లేచింది. నాకు ప్రాణం లేచొచ్చింది. ఆయన మాత్రం తెల్లబోయి చూశారు. ఆవలింత అయిపోగానే చెయ్యి మళ్ళీ ఒళ్ళో పడింది.

ఫిజియోథెరపీ అమ్మాయికి చెప్తే పెద్దగా పొంగిపోలేదు. "అది రిఫ్లెక్స్ ఆంటీ. ఆవలింత లేపింది, అంకుల్ లేపలేదు. ఆయన అనుకున్నప్పుడు వేళ్ళు తెరుచుకోవాలి. అప్పుడు పని మొదలైనట్టు" అంది. నాకు ఒళ్ళు మండింది. కళ్ళారా చూసినదాన్ని కాదంటే ఎలా?

సోమవారం ఓనరు వచ్చి కూర్చోగానే, నేను మా ఆయన ఎదురుగా నిలబడి నోరంతా తెరిచి ఆవలించాను. సిగ్గు లేదా అంటే లేదు. ముందు ఓనరు ఆవలించాడు. తర్వాత మా ఆయన. చెయ్యి లేచింది.

"అరె, మాస్టారూ, చెయ్యి వచ్చేసిందే" అంటూ ఓనరు షాపు నుంచి తెచ్చిన కత్తెర ఆయన అరచేతిలో పెట్టాడు. వేళ్ళు దాని చుట్టూ బిగుసుకున్నాయి.

"ఏదీ, తెరవండి."

తెరుచుకోలేదు. ఆయనకి చెమటలు పట్టాయి. పళ్ళు బిగించినకొద్దీ పిడికిలి ఇంకా బిగుసుకుంది. చివరికి నేనూ ఓనరూ కలిసి ఒక్కో వేలూ విప్పి కత్తెర లాగాం.

"బల్ల ఇంకొకరికి ఇచ్చెయ్యండి. ఇది నా మాట వినడం లేదు" అన్నారాయన, ఓనరు ఏమీ అనకముందే.

ఓనరు వెళ్ళాక దులిపేశాను. ఒక్క నెల గడువు అడిగితే మీ సొమ్మేం పోయేదన్నాను. ఆయన కుడిచేతి కేసి చూసుకుంటూ అన్నారు:

"అది లేచినప్పుడల్లా నువ్వు సంబరపడతావు. నాకు భయమేస్తుందే. నా ఒంట్లో ఇంకెవరో ఉన్నట్టుంటుంది."

మూడు నెలల్లో ఆయనకి లోపల ఎలా ఉందో నేను అడగనూ లేదు, ఆయన చెప్పనూ లేదు. నా మీద నాకే అసహ్యం వేసింది.

సాయంత్రం ఆయనకి ఆవలింత వచ్చింది. గబుక్కున ఎడంచేత్తో కుడిచేతిని ఒళ్ళోకి అదిమి పట్టుకున్నారు, లేవకుండా. నేనూ వెళ్ళి నా రెండు చేతులూ వేసి పట్టుకున్నాను. అయినా అది లేవబోతూనే ఉంది.