లద్దెపురుగుకు మా నాన్న చెప్పిన మూడు మాటలు

ఇది ఒక మహాయుద్ధం కథ. ఇందులో నలుగురు వీరులున్నారు. ముగ్గురు నేలకొరుగుతారు. కడుపులో దూరి లోపలినుంచి తినేసే శత్రువు ఉన్నాడు, ఆకాశం నుంచి దిగే మృత్యువు ఉంది, అన్నిటికీ మించి కన్నతండ్రి చేతిలో మోసపోయిన కొడుకున్నాడు. చదివేవాళ్లు చేతి రుమాలు పక్కన పెట్టుకోవాలని మనవి.

నిజానికి అంత లేదు. ఇది ఫోన్లో ఒక పురుగు కథ. ఆ పురుగు నేనే. పొడవు ఒకటిన్నర అంగుళం, రంగు బురద. యుద్ధభూమి ప్రత్తిపాడు దగ్గర మా ఊళ్లో, మా ఇంటి మధ్యగదిలో, ఫ్యాను కింద, చార్జర్ వైరు అందేంత దూరంలో ఉంది. రుమాలు మడిచి లోపల పెట్టేయవచ్చు.

ఇంజనీరింగ్ పూర్తయింది. ఉద్యోగం ఇచ్చామన్న కంపెనీ ఎప్పుడు చేరాలో మాత్రం చెప్పకుండా నెలకోసారి 'అతి త్వరలో' అని మెయిలు పంపేది. నమ్మినవాణ్ని నమ్మించడం ఎంత తేలికో నాకు అప్పటికే కొంత తెలిసి ఉండాల్సింది. హాస్టల్లో నాతో ఉన్న ముగ్గురిదీ అదే పరిస్థితి. చీరాలలో మగ్గాల ఇంటివాడొకడు, వేటపాలెంలో జీడిపప్పు ఫ్యాక్టరీ వెనక ఉండేవాడొకడు, కొత్తపట్నంలో సముద్రం ఒడ్డువాడొకడు. నలుగురం కలిసి ఒక ఆటలో చేరాం. మనుషులుగా ఎటూ ఎదగడం లేదు, కనీసం పురుగులుగానైనా ఎదుగుదామని.

ఆట నియమాలు చిన్నవే. గుడ్డులోంచి బయటపడాలి, ఆకులు తినాలి, ఐదుసార్లు చర్మం విడవాలి. తర్వాత మట్టిలోకి దిగి ఒక్క నిమిషం నిద్రపోయి రెక్కలతో లేవాలి. జట్టులో ఒక్కరు రెక్కలతో లేచి గుడ్లు పెట్టినా చాలు, చచ్చినవాళ్లంతా మళ్లీ బతుకుతారు. ఎవరూ లేవకపోతే, నెలాఖరు ఆదివారం సాయంత్రం ఏడింటికి జట్టు పేరే తుడిచేస్తారు. అవతలి పక్షం రైతులు. వాళ్లూ ఎక్కడో కూర్చుని ఫోన్లు నొక్కే మనుషులే. మొక్కలు నాటొచ్చు, పిట్టలు వాలడానికి కర్రలు పాతొచ్చు, పురుగున్న ఆకును తుంచొచ్చు. మందు కొట్టడం మాత్రం లేదు, పిల్లలు ఆడే ఆట కదా.

మాకు పడిన ప్రత్యర్థులు పేర్లు కూడా పెట్టుకోలేదు. ఆట ఇచ్చిన పేర్లతోనే ఉండిపోయారు. రైతు-1 నుంచి రైతు-4 దాకా.

మొదటి వారంలోనే చీరాలవాడిని చీమలు మోసుకుపోయాయి. ప్రాణంతో ఉండగానే మోసుకుపోయాయని వాడు గ్రూపులో నాలుగు వాయిస్ మెసేజీలు పెట్టాడు. కొత్తపట్నం వాడిది ఇంకా ఘోరం. కందిరీగ లాంటిదేదో వచ్చి వాడి వీపు మీద ఒక్క క్షణం వాలి వెళ్లిపోయింది. "ఏం చేయలేదురా, ఊరికే ముద్దు పెట్టి పోయింది" అన్నాడు. తర్వాత మూడు రోజులు అందరికంటే బాగా తిన్నాడు, అందరికంటే లావెక్కాడు. నాలుగోనాడు వాడి ఒళ్లు చీల్చుకుని కందిరీగ పిల్లలు బయటికొచ్చాయి. ఆ మూడు రోజులూ వాడు మేపింది వాటినట.

ఇలా నేను తలపట్టుకుని కూర్చున్న ఒక సాయంత్రం నాన్న వెనక నుంచి ఫోన్లోకి తొంగిచూశాడు.

"ఏందిరా అది?"

"పురుగు నాన్నా."

"కనపడతానే ఉంది. దాన్నేం చేస్తన్నావ్?"

"పెంచుతున్నా."

మా నాన్న ముప్పై ఏళ్లుగా మిరపా పత్తీ వేస్తున్న మనిషి. ఆయన ముందు ఈ మాట అనడమంటే పోలీసు ఇంట్లో దొంగకి అన్నం పెడుతున్నానని చెప్పడమే.

"చేలో దాన్ని చంపలేక నేను చస్తంటే, నువ్వు ఇంట్లో కూర్చోబెట్టి మేపుతున్నావంట్రా?"

వంటింట్లోంచి అమ్మ అందుకుంది. "మరి నేనొకదాన్ని మేపట్లా? ఎవరి పురుగు వాళ్లది, ఊరుకోండి."

నాన్న కళ్లజోడు సర్దుకుని ఇంకా దగ్గరికి వచ్చాడు. "లద్దెపురుగు" అన్నాడు, పాత క్లాస్‌మేట్ ఎదురుపడినట్టు. "ఒరేయ్, పట్టపగలు ఆకు మీద ఏం పని దానికి? పిట్ట కొట్టుకుపోయిద్ది. పొద్దెక్కంగానే దిగి మట్టిగడ్డ కింద దూరాలి. పొద్దుగూకినాక ఎక్కాలి."

నాన్న చెప్పినట్టే చేశాను. మర్నాడు మధ్యాహ్నం ఒక గోరింక మా మొక్కంతా వెతికి వేటపాలెంవాడిని ముక్కున కరుచుకుని పోయింది. నేను గడ్డ కింద ఉన్నాను. జట్టులో మిగిలింది నేనొక్కడినే. ముగ్గురి ప్రాణాలూ నా పొట్ట కింద ఉన్న పొట్టి కాళ్ల మీద పడ్డాయి.

ఆ రోజునుంచి నాన్నకీ నాకూ మాటలు పెరిగాయి. అంతకుముందు మా మధ్య నడిచినవి రెండే వాక్యాలు. "తిన్నావా?" ఒకటి, "మోటారు కట్టేశావా?" ఇంకోటి. ఇప్పుడు పొలం నుంచి రాగానే, కాళ్లు కూడా కడుక్కోకుండా, "ఎట్టా ఉందిరా పురుగు?" అనేవాడు. ఎన్ని ఆకులు తిన్నదో, ఎన్నోసారి చర్మం విడిచిందో, ఇవాళ ఏ సాలులో ఏ మొక్క మీద ఉందో అన్నీ చెప్పేవాణ్ని. అడిగినదానికంటే ఎక్కువే చెప్పేవాణ్ని.

రెండో మాట అప్పుడు చెప్పాడు. "ఏ చెట్టు మీదా రెండు రోజులకి మించి ఉండమాక. కింద నల్లగా పెంటికలు రాలినయ్యంటే, పైన నువ్వున్నావని చూసేవాడికి తెలిసిపోయిద్ది." అదీ నిజమే అయింది. నేను ఖాళీ చేసిన మొక్కను మర్నాడే రైతు-3 ఆకు ఆకూ తిప్పి చూసిపోయాడు. గ్రూపులో చచ్చిన ముగ్గురూ నన్ను 'సార్' అనడం మొదలుపెట్టారు.

"ఆ రైతు-3 గాడు మామూలోడు కాదురా" అన్నాడు చీరాలవాడు. "కొరియావాడై ఉంటాడు. ఆకు తిప్పి అడుగున చూస్తన్నాడంటే పెద్ద ట్రైనింగే."

నాన్న కూడా ఫోను బాగా వాడటం మొదలుపెట్టాడు. "హాట్‌స్పాట్ పెట్టరా, యార్డులో రేట్లు చూడాలి" అనేవాడు. రోజూ సాయంత్రం ఆరింటికి. ఆ వేళకి మిర్చి యార్డు ఎప్పుడో మూతబడి ఉంటుందన్న ఆలోచన నాకు రాలేదు. పెద్దాయన కాలంతో పాటు మారుతున్నాడని మురిసిపోయాను. గర్వంగా పాస్‌వర్డ్ కూడా కాగితం మీద రాసిచ్చాను.

ఐదో చర్మం విడిచాక పురుగు ఆకలి మామూలుగా ఉండదు. మట్టిలోకి దిగేముందు కడుపు పగిలేలా తినాలి, లేకపోతే నిద్రలోనే పోతుంది. అప్పటికి ఇక మిగిలింది ఒక్క రోజు, ఆదివారం. మిరప ఆకులు చిన్నవి, ఎన్ని తిన్నా చాలడం లేదు. నాన్నని అడిగాను.

ఆయన కాసేపు గడ్డం గోక్కున్నాడు. "గట్టు మీద ఆముదం లేదా?"

ఉంది. ఆటలో ఆ చేను చుట్టూ వరసగా ఆముదం మొక్కలు, అచ్చం మా చేను చుట్టూ ఉన్నట్టే. అది చూసినప్పుడల్లా మన ఊరిలాగే ఉందే అని నాకు ధైర్యంగా కూడా ఉండేది.

"ఆముదం ఎక్కు. ఆకు వెడల్పు, మెత్తన. దానికి అదంటే పిచ్చి. ఒక్క ఆకు తింటే కడుపు నిండిపోయిద్ది."

చిన్నప్పటినుంచి చూస్తున్నాను ఆ ఆముదం మొక్కల్ని. ఎందుకు వేస్తారని ఒక్కసారీ అడగలేదు. గట్టు ఖాళీగా ఎందుకు ఉంచడమని వేస్తారనుకున్నాను. నాలుగేళ్లు హాస్టల్లో చదివిన చదువులో ఈ ప్రశ్న ఏ సెమిస్టరులోనూ రాలేదు.

ఆదివారం సాయంత్రం ఆరు నలభైకి ఆముదం ఎక్కాను. నాన్న రేట్లు చూసుకోవడానికి వసారాలో నులకమంచం మీద కూర్చున్నాడు. ఆకు నిజంగానే మైదానంలా ఉంది. నేను సగం తినేసరికి పైన ఒక నీడ పడింది. రైతు-3. నేరుగా వచ్చాడు. వెతకలేదు, ఇంకో మొక్కను ముట్టుకోలేదు, చుట్టాల ఇంటికి వచ్చినట్టు వచ్చాడు. ఆకు కాడ మీద వేలు పెట్టాడు. పది సెకన్లు అలా నొక్కి పట్టుకుంటే కాడ చుట్టూ తిరిగే గీత పూర్తి సున్నా అవుతుంది, ఆకు తెగుతుంది.

గ్రూపు కాల్లో ముగ్గురూ అరుస్తున్నారు. "దూకరా! కిందకి దూకరా!" నేను నొక్కుతున్నాను, పురుగు కదలడం లేదు. నెట్ నత్తలా పాకుతోంది. సున్నా ముప్పావు వంతు నిండింది. అంత కంగారులోనూ నాకొక తెలివైన ఆలోచన వచ్చింది. నాన్న రేట్లు కాసేపాగి చూసుకోవచ్చులే అని హాట్‌స్పాట్ ఆపేశాను.

రైతు-3 వేలు గాల్లో ఆగిపోయింది. సున్నా ఆగిపోయింది. తెర మీద అక్షరాలు వచ్చాయి: రైతు-3 లైనులో లేడు. ఐదు నిమిషాల్లో తిరిగి రాకపోతే ఈ చేను ఓడినట్టు.

వసారాలోంచి కేక వినపడింది.

"ఒరేయ్! నెట్టు పోయిందిరా!"

లేచి వెళ్లాను. నాన్న ఫోనుని రెండు చేతుల్తో పట్టుకుని ఉన్నాడు. బొటనవేలు తెర మీద నుంచి ఇంకా తీయలేదు. ఆ వేలి కింద ఆముదం ఆకు. దాని మీద బురదరంగులో నేను.

"రేట్లు బాగున్నాయా?" అన్నాను.

నాన్న మొహంలో సిగ్గు కోసం వెతికాను. తొందర తప్ప ఏమీ లేదు. "నెట్టు పెట్టరా ముందు, టైం అయిపోతంది."

"నువ్వే కదా ఆముదం ఎక్కమన్నది!"

"అవును."

"పురుగుకి మంచిదన్నావు!"

"దానికి ఇష్టమన్నా. మంచిదని ఎప్పుడన్నా?" అన్నాడు. నిజమే, అనలేదు. "గట్టు మీద ఆముదం ఎందుకేస్తార్రా? దాని వాసనకి పురుగంతా మిరప వదిలి అటు పోయిద్ది. అక్కడ ఆకు తుంచి నలిపేస్తే చేను మిగిలిద్ది. ఇష్టమైన చోటే కదా ఎవరైనా దొరికేది."

ఈ వాక్యం ఎవరైనా గోడ మీద రాసుకోదగ్గదే. పురుగుగా వినడానికి మాత్రం అంత బాగోలేదు.

"అసలు నీకీ ఆట ఎవరు ఎక్కించారు?"

"మందుల కొట్టు ముందు బెంచీ మీద కూర్చుంటాం చూడు, నలుగురం ఆడతన్నాం. రైతులంటే బాగుందని చేరాం. నీ ఫోన్లో చూసినాకే తెలిసింది, అది మా చేనేనని."

కొరియా ట్రైనింగు ఆ బెంచీ మీద జరిగిందన్నమాట. నా చెవిలోని ఇయర్‌ఫోన్లో ఇదంతా వింటున్న చీరాలవాడు నెమ్మదిగా అన్నాడు. "మామా, మీ నాన్న చేతిలో చచ్చామారా మనం?"

అమ్మ వంటింటి గుమ్మంలోకి వచ్చి మమ్మల్నిద్దరినీ మార్చి మార్చి చూసింది. "ఇందులోనన్నా ఒకడు గెలిచి తగలడండి, చపాతీలు ఆరిపోతన్నయ్" అని వెళ్లిపోయింది.

ఇంకా ఒకటిన్నర నిమిషం ఉంది. నేనేమీ చేయనక్కర్లేదు. ఊరికే నిలబడితే చాలు. ఆయన చేను ఓడిపోతుంది, పురుగు మట్టిలోకి దిగి రెక్కలతో లేస్తుంది, ముగ్గురూ బతుకుతారు.

"రోజూ నేనెక్కడున్నానో నీకు చెబుతూనే ఉన్నాగా" అన్నాను. "మొదటి రోజే చంపొచ్చుగా?"

నాన్న కళ్లజోడు తీసి బనీను అంచుతో తుడిచాడు. "మొదటి రోజే చంపితే, రెండో రోజు నుంచి నాతో ఏం మాట్లాడతావురా?"

నేను ఏదో ఒక జోకు వేయాల్సిన చోటు అది. రాలేదు.

"మరి ఇవాళెందుకు?"

"ఇవాళ ఆఖరు. నువ్వు లేచావంటే నా చేనంతా గుడ్లే. అసలు చేలో ఎట్టాగూ ఆపలేకపోతన్నా. ఒక్క పంటన్నా మచ్చ లేకుండా చూద్దామని."

చెవిలో ముగ్గురూ ఒకేసారి "పెట్టొద్దురా, నెట్ పెట్టొద్దు" అన్నారు. కొత్తపట్నం వాడు ఆ మాట ఇంకోసారి కూడా అన్నాడు. లోపల కందిరీగ పిల్లల్ని మోసినవాడికి నమ్మకం విలువ తెలుస్తుంది.

నేను హాట్‌స్పాట్ ఆన్ చేశాను. దాన్ని త్యాగం అనుకోకండి. చపాతీలు ఆరిపోతున్నాయి, పైగా నన్ను మోసం చేసిన మనిషి గెలవడానికి నన్నే నెట్ అడుగుతుంటే కాదనడానికి కూడా ఓపిక ఉండాలి. జట్టుకి నేను చేసింది ద్రోహమే. ఆ మాట వేటపాలెంవాడు నాతో ఇప్పటికీ అంటాడు, పెళ్లిళ్లలో, అందరి ముందూ.

నాన్న గబగబా వేలు పెట్టాడు. తెర మధ్యలో చక్రం తిరిగింది. నా ఫోన్లో కూడా చక్రమే తిరిగింది. చెవిలో కాల్ కట్ అయింది. ఇద్దరం వసారాలో నిలబడి ఎవరి చక్రం వాళ్లం చూసుకుంటూ ఉండగా ఏడు దాటింది. వాళ్ల చేనూ పోయింది, మా జట్టు పేరూ పోయింది.

నా ఫోనుకి ఒక మెసేజ్ వచ్చింది.

"ఏమంటాడు?" అన్నాడు నాన్న.

"డేటా అయిపోయిందంట."

"దీనికి కూడా కరెంటు లాగా కోత ఉండిద్దా?"

ఉంటుంది. మా ప్లానులో రోజుకి ఒకటిన్నర జీబీ వస్తుంది. ఇద్దరు వాడితే సాయంత్రానికి అయిపోతుంది.