కిర్రుమనని తలుపు

హనుమయ్యగారు తక్కువ మాటల మనిషి. చల్లపల్లిలో రైసుమిల్లు నడిపినన్నాళ్ళూ ఆ హోరులో ఎవరి మాటా ఎవరికీ వినపడేది కాదు గనక చేత్తో చెబితే సరిపోయేది. ఇంటికొచ్చాకా అదే అలవాటు. కంచం ముందు కూర్చుని వేలు చూపిస్తే పచ్చడి వెయ్యమని, అరచెయ్యి అడ్డం పెడితే చాలని. భార్య సీతారావమ్మతో ఆయన సంసారం చాలామటుకు అలా సైగల మీదే నడిచిపోయింది. నోరు తెరిచారంటే ఏదో పాడైందని చెప్పడానికే. మిల్లులో ఏ బేరింగు అరిగిందో ఆఫీసు గదిలో కూర్చునే చెప్పేవారని ఆయన చెవికి పెద్ద పేరు.

మిల్లు అమ్మేసి భవానీపురంలో ఫ్లాటు కొనుక్కున్నాక ఆ చెవికి పని లేకుండా పోయింది. చివరికి దొరికింది స్నానాల గదిలో షవర్ చుట్టూ ఉన్న గాజు తలుపు. పక్కకి జరిపే తలుపది. బోరు నీళ్ళ ఉప్పు పట్టి, పైన పట్టా మీద తిరిగే చక్రాలు అరిగి, జరిపినప్పుడల్లా ఇల్లంతా వినపడేలా కిర్రుమనేది. ఆయనకి ఒళ్ళు మండిపోయేది. చక్రాలు మార్పిద్దామంటే సీతారావమ్మ అడ్డం పడేది. ఉండనివ్వండి, మనల్నేం చేస్తోంది అనేది.

ఆవిడ గన్నవరంలో చెల్లెలింటికి వెళ్ళిన రోజు చూసి, అద్దాల పని చేసే లాజరుని పిలిపించారు. ఇద్దరూ చెరో పక్కా పట్టుకుని గాజు పలకని పట్టా మీంచి ఎత్తి గోడకి ఆనించారు. చక్రాలు ఒక పక్క చదునైపోయి, లోపలి బేరింగులు తుప్పు పట్టి ఉన్నాయి. మిల్లు రోజులు గుర్తొచ్చి హనుమయ్యగారు హుషారైపోయారు. అదే కొలత కొత్తవి బిగించి, తలుపు వాలకుండా మరలు సరిచేశాక, ఒక్క వేలితో తోస్తే వెన్నలా జారింది. పాత చక్రాల్ని లాజరు సంచిలో వేసుకుపోయాడు. సాయంత్రం ఆవిడ తిరిగొచ్చాక ఆయన ఈ సంగతి చెప్పనే లేదు. చెప్పడం ఆయనకి అలవాటు లేదు.

మర్నాడు పొద్దున స్నానం ముగించి, తలుపు ముచ్చటగా అటూ ఇటూ జరిపి చూసుకుని, తీరిగ్గా తల తుడుచుకుంటున్నారు. ఇంతలో గది తలుపు దబదబా బాదుతున్నారు. తీస్తే సీతారావమ్మ. చేతినిండా అట్ల పిండి, మొహాన నెత్తురుచుక్క లేదు.

"ఏం కొంప మునిగిందని?" అని కసిరారాయన.

ఆవిడ గోడకి ఆనుకుంది. "నిరుడు మీరిందులో కళ్ళు తిరిగి పడిపోయిన కాణ్ణించీ, స్నానమయ్యాక ఆ తలుపు కిర్రుమనేదాకా నాకు ఊపిరాడదండీ. అది విన్నాకే పెనం మీద అట్టు పోస్తా. ఇవాళ ఎంతసేపటికీ వినపడకపోయేసరికి..."

"ఆ సంగతి నాకు చెప్పొద్దూ?"

"మీరు మాట్లాడనిచ్చిందెప్పుడండీ?" అంది. దెప్పిపొడవలేదు, ఉన్నమాటే అంది.

ఆ పూట అట్టు తింటుంటే ఆయనకి ఒక్కొక్కటే గుర్తొచ్చాయి. స్కూటరు ఆగిన చప్పుడు విని అన్నం వడ్డించడం, చెప్పులు విడిచిన తీరుని బట్టి కోపంగా ఉన్నారో లేదో పోల్చుకోవడం, గ్లాసు కింద పెట్టగానే మజ్జిగ తేవడం. ఇన్నేళ్ళూ ఆవిడ తన చప్పుళ్ళతోనే కాపురం చేసుకొచ్చిందని ఇప్పుడు తెలిసింది. ఎక్కడో బేరింగు మూలిగితే పట్టేసిన చెవికి, పక్కనున్న మనిషి భయం ఏనాడూ వినపడలేదు. తలుచుకుంటే సిగ్గేసింది, అంతకంటే ఎక్కువ బాధేసింది. లాజరుకి ఫోన్ చేసి పాత చక్రాలున్నాయా అని అడిగారు. పాతసామాన్ల కొట్టులో వేసేశానన్నాడతను.

ఆ మర్నాడు స్నానమయ్యాక గొంతు సవరించుకున్నారు. పేరు పెట్టి పిలుద్దామనుకున్నారు గానీ నోరు తిరగలేదు. చివరికి "అయింది, వస్తున్నా" అని గట్టిగా అన్నారు.

వంటింట్లో పెనం చప్పుడు వినపడలేదు. బయటికొచ్చి చూస్తే సీతారావమ్మ అట్లకాడ చేత్తో పట్టుకుని, తలుపు పక్కనే చెవి ఒగ్గి నిలబడి ఉంది. ఆయన్ని చూశాక గానీ ఊపిరి వదల్లేదు.

"వస్తున్నానంటున్నారు, పొద్దున్నే ఎవరండీ ఫోన్లో?" అని అడిగింది.