ఒండ్రు కింద మా రాళ్లకట్టలు

మొన్న కర్నూలులో ఏదో సభ ఉంటే, పెద్దవాణ్ణి కదా అని నన్నూ పిలిచి ముందు వరసలో కూర్చోబెట్టారు. వేదిక మీది అధికారి మైకు పట్టుకుని, ప్రభుత్వ పథకాలను పల్లెలకు చేర్చడానికి స్వచ్ఛంద సంస్థలు సేవాభావంతో ముందుకు రావాలని పిలుపునిస్తుంటే నాకు వినబుద్ధి కాలేదు. కప్పిన శాలువా కుర్చీలోనే పడేసి బయటికొచ్చాను. మన ఈడువాళ్లలో అలాంటి పథకాల పనులు చేసినవాళ్లుంటే నా రోత ఎందుకో వేరే చెప్పక్కర్లేదు.

నా తొలి ఉద్యోగం కమలాపురం దగ్గర ఒక చిన్న సంస్థలో. సంస్థ అంటే ఏముంది, దాన్ని నడిపే మా పెద్దాయన, ఆయన భార్య, నేను, ఒక అద్దె గది. వాననీళ్లు పారిపోకుండా వంకలకు అడ్డంగా రాళ్లకట్టలు వేసే ప్రభుత్వ పథకమొకటి వచ్చింది. ముందు మీ డబ్బుతో కట్టండి, తర్వాత కొలతలు తీసి బిల్లు ఇస్తామన్నారు ఆఫీసువాళ్లు. సంత నాటికి కూలి చేతిలో పడకపోతే రాళ్లు మోసిన ఆడవాళ్ల ఇళ్లలో పొయ్యి వెలగదు కాబట్టి, మా పెద్దాయన తన భార్యకు పుట్టింటివాళ్లిచ్చిన పొలం అమ్మి వారం వారం పంచాడు. బిల్లు రాగానే మళ్లీ కొనిస్తానని ఆ తల్లికి మాటిచ్చాడు.

కొలతలు తీయాల్సిన ఇంజినీరేమో చెయ్యి తడిపితే గాని కదలనని కూర్చున్నాడు. ఈయన తడపలేదు. ఈలోగా వానలు బాగా పడ్డాయి. రాళ్లకట్ట మంచిదైతే ఏమవుతుంది? వరద తెచ్చిన ఒండ్రు దానికి ఆనుకుని పేరుకుని, చివరికి కట్టే కనబడకుండా పోయి, వంక కాస్తా చదునైన చేనవుతుంది. మా కట్టలన్నీ అలాగే పూడిపోయాయని మేము సంబరపడుతుంటే, ఆ మహానుభావుడు తీరిగ్గా జీపు దిగి, "కట్టినామంటాండారు, యాడుండాదప్పా కట్ట?" అని నవ్వి, పనే జరగలేదని రాసిపోయాడు. థూ! ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

కోర్టుకెక్కాం. ఏళ్ల తరబడి వాయిదాలు తిరిగాక, చూసి రమ్మని కోర్టు ఒక వకీలును పంపింది. తవ్వి రాళ్లు చూపిస్తే గెలిచినట్టే. కూలి ఆడవాళ్లు పిలవకుండానే గడ్డపారలతో వచ్చేశారు. తీరా చూస్తే ఆ ఒండ్రులో ఒక బీదరైతు వేసిన వేరుశనగ, మా వైపు మాటలో బుడ్డలు, పచ్చగా కమ్ముకుని ఉంది. పెద్దాయన చేనంతా కలియజూసి, "పారలు దించండమ్మా. కాయ పట్టేదానికి బుడ్డలు ఊడలు దిగుతాండాయి, ఇప్పుడు తవ్వితే వాని నోట్లో మన్ను కొట్టినట్టే" అన్నాడు. మేం మోసిన రాళ్లే కదా సారూ, ఒక్క సాలైనా తవ్వనివ్వమని ఒకామె ఏడ్చినంత పని చేసినా వినలేదు. పంట పీకాక రమ్మంటే ఆ వకీలుకు తీరలేదు. కట్టలు కనబడలేదని ఆయన రాసిచ్చాడు, కేసు కొట్టేశారు.

పెద్దాయన పోయి చాలా ఏళ్లయింది. ఇప్పుడు పద్ధతే మారిపోయింది, ముందు ఫొటో దిగుతారు, ఆ వెంటనే బిల్లు ఎత్తుతారు, పని ఉంటే ఉంటుంది లేకుంటే లేదు, సిగ్గన్నది మాత్రం ఎవరికీ లేదు.

పోయిన నెల ఒంటిమిట్టలో కూతురి దగ్గరున్న ఆయన భార్యను చూడబోయాను. కేసు పోయిన సంగతి ఆయన ఆమెకు చెప్పనేలేదని ఆ రోజే తెలిసింది. నా చేతికి కాఫీ ఇస్తూ, "ఏమప్పా, మన కేసు యాడికొచ్చిండాది? పొలం కోసం కాదులే. ఆయన పని చేసినాడని కోర్టోళ్లు ఒప్పుకుంటే సాలు" అంది.

వాయిదా పడిందమ్మా అన్నాను. సరేలే, వాళ్లకూ శానా కేసులుంటాయి కదా అంటూ ఆమె లోపలికి వెళ్లింది. కోర్టు మీద అంత నమ్మకం పెట్టుకునే మనుషులు ఇక మన తరంతోనే సరి.