నో లేని అబ్జెక్షన్

మా వైపు ఒక సర్టిఫికెట్ పేరు సగమే పలుకుతారు. నో అబ్జెక్షన్ సర్టిఫికెట్ అనాల్సినదానికి ముందున్న 'నో'ని మింగేసి, అబ్జెక్షన్ సర్టిఫికెట్ అంటారు. మదనపల్లెలో వకీలు గుమాస్తాగా పనిచేసిన నేనూ రోజుకు నాలుగుసార్లు అట్లాగే అనేవాణ్ణి. కరెంటాఫీసులోగానీ మున్సిపాలిటీలోగానీ ఎవరికీ అది తప్పుగా తోచలేదు.

రెండువేల సంవత్సరం దాటిన కొత్తల్లో మా వీధిలో సెల్ టవర్ గొడవ మొదలైంది. టమోటా మండీ నడిపే ఒక ఆసామి తన మూడంతస్తుల మిద్దె మీద టవర్‌కి చోటిచ్చాడు. వీధి భగ్గుమంది. కిరణాలకు రోగాలొస్తాయని ఒకరు, పిచ్చుకలు పారిపోతాయని ఇంకొకరు. సిగ్నల్ అందడం లేదని పొద్దున్నే మిద్దెక్కి సెల్లులో అరిచేవాళ్లే, సాయంత్రం టవర్ వద్దని అర్జీ రాయించుకోవడానికి నా దగ్గరికి వచ్చేవాళ్లు. నవ్వు ఆపుకుని రాసిచ్చేవాణ్ణి.

ఊరందరిదీ ఒక దారైతే ఉలిపికట్టెది ఒక దారి అన్నట్టు, మా పక్కింటావిడ భయం వేరు. చుట్టరికం లేకపోయినా ఆమెను పెద్దమ్మా అని పిలిచేవాణ్ణి. మొగుడు పోయాక ఒక్కతే ఉండేది. ఆమెది పాతకాలపు బండల మిద్దె. అవతలివైపు ఆమె ఇంటికీ మండీ ఆసామి ఇంటికీ ఒకటే ఉమ్మడి గోడ, మట్టితో కట్టింది. ఆసామి పై అంతస్తులన్నీ దాన్ని ఆనించే లేపాడు. గోడ కదిలితే పైన బండలు నిలవవు. ముందు గదిలో ఆమె బొరుగుల అంగడి, వెనక గదిలో ఆమె వంటా పడకా.

“కిరణాలు నాకు తెలీవప్పా. బరువు మాత్రం తెలుస్తాది” అనేది.

ఒకరోజు పొద్దున నేను గడ్డం గీసుకుంటున్నాను. కుప్పం వైపు మనిషొకడు టవర్ కంపెనీ తరఫున ఇరుగుపొరుగు సంతకాలకు తిరుగుతున్నాడని నాకు తెలియదు. ప్రహరీ అవతల నుంచి పెద్దమ్మ కేకేసింది.

“ఏమప్పా, అబ్జెక్షన్ అంటే ఏంది?”

“వద్దనడం, పెద్దమ్మా!”

“అయితే సంతకం పెట్టేదా?”

“పెట్టు, పెట్టు. అందరికంటే ముందు నువ్వే పెట్టు.”

అది మా వీధివాళ్ల అర్జీ అనుకున్నాను. ప్రహరీ పదడుగుల దూరం. పోయి చూసి ఉంటే సరిపోయేది. మొహాన సబ్బు ఆరిపోతుందని పోలేదు. వయోజన విద్య బడిలో నేర్చుకున్న సంతకం, ఒక్క అక్షరం వంకర పోకుండా పెట్టి పంపింది పెద్దమ్మ.

టవర్ ఇనుము పైకెక్కించడం మొదలుపెట్టిన రోజు గోడలోంచి మట్టి రాలి బొరుగుల బస్తాల్లో పడింది. ఆమె మా వకీలు దగ్గరికొచ్చి దావా వేసింది. స్టే వచ్చింది, రెండేళ్లు పని ఆగింది. విచారణ దగ్గరపడ్డాక అవతలివాళ్లు ఒక కాగితం దాఖలు చేశారు. నకలు మొదట నా చేతికే వచ్చింది. పైన అచ్చులో నో అబ్జెక్షన్ సర్టిఫికెట్ అని, కింద పెద్దమ్మ సంతకం. సంతకాలకు తిరిగిన ఆ కంపెనీ మనిషీ మా అందరిలాగే 'నో'ని మింగేసి అడిగుంటాడు, దానికి నేను వద్దనడమని అర్థం చెప్పాను.

నా మాట నమ్మే పెట్టిందని నేను వకీలుకు చెప్పొచ్చు, కోర్టులో సాక్ష్యమూ ఇవ్వొచ్చు. కానీ చూడని కాగితానికి సంతకం పెట్టమన్న గుమాస్తా అని కోర్టు వరండా అంతా నవ్వుతుందని భయపడ్డాను. ఈ రోజు చెప్తాను, రేపు చెప్తాను అనుకుంటూ గడిపేశాను. కోర్టుల్లో పనిచేసేవాడికి వాయిదాలు అలవాటే.

పెద్దమ్మ బోనెక్కి ప్రమాణం చేసింది. అవతలి వకీలు కాగితం చూపించి, ఈ సంతకం మీదేనా అని అడిగాడు.

“నాదే సామీ. వద్దని పెట్టిన సంతకం అది.”

“వద్దని రాసుందని మీకెవరు చెప్పారు?”

ఆమె నావైపు చూసింది. నేను తల దించుకుని, సర్దిన కాగితాలనే మళ్లీ సర్దాను.

“ఎవురూ సెప్పలేదు సామీ.”

“ఎవరినీ అడగలేదా?”

“ల్యా. ఎవుర్నీ అడగల్యా.”

కేసు పోయింది. తననెవరూ తప్పుదారి పట్టించలేదని వాది స్వయంగా ఒప్పుకుందని తీర్పులో రాశారు. ఆమె నన్ను కాపాడింది, నేను ఆమెను కాపాడలేదు. ఇంత వయసొచ్చినా ఆ సిగ్గు నన్ను వదల్లేదు.

తీర్పు రోజు కోర్టు మెట్ల మీద ఆమె పక్కన కూర్చున్నాను. పై కోర్టుకు పోదాం పెద్దమ్మా, ఈసారి జరిగింది జరిగినట్టు చెప్తాను, నాకేమైనా ఫరవాలేదు అన్నాను. ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది.

“గోడ సంగతి ఇడిసిపెట్టప్పా. పడితే పడతాది. దేవుని మింద ప్రమాణం సేసి అబద్దం సెప్పినాను నేను. దానికి యాడుండాది అప్పీలు?”